అప్పలనాయుడు పేరుతో ఆడిన మా అన్న

పోయిన నెలలో మా అన్న మనవడు దినేష్ రేవు పట్నం పోర్ట్ క్లాంగ్ నుంచి కారేసుకుని వచ్చాడు. అక్కడ ఓడల సరుకు నిలవ ఉంచే గోదాములో సూపర్‌వైజరు వాడు. దీపావళికి తప్ప మా ఊరు బాగన్ దాతుక్ వైపు తొంగి చూడని పిల్లాడు మామూలు రోజున గుమ్మంలో నిలబడేసరికి ఎవరో పోయారనుకున్నాను. ఎవరూ పోలేదు. జిల్లా మైదానం గోడ మీద పాత ఫుట్‌బాల్ ఆటగాళ్ళ పేర్లు చెక్కిస్తున్నారట. అందులో వాళ్ళ తాత కూడా ఉన్నాడట. ఇంటివాళ్ళు పేరు సరిచూసి చెప్పాలట. "మామ్మా, తాత పేరు ఏటి? అప్పలనాయుడా, సింహాచలమా? నాన్న బర్త్ సర్టిఫికెట్లో అప్పలనాయుడు అని ఉంది. మీరేమో సింహాచలం అంటారు. నాకు ఒకటే కొళప్పం లా," అన్నాడు. కొళప్పం అంటే గందరగోళం. వాడి తెలుగులో సగం అరవం, మిగిలిన సగంలో సగం ఇంగ్లీషు. అయినా అడిగినందుకు సంతోషించాను. అప్పలనాయుడు పేరుతోనే ఆడాడు, అదే చెక్కించు అన్నాను. "ఓకే లా" అని ఫోన్లో కొట్టుకుని, నేను వేసిన నాలుగు గారెలూ తిని, వాన రాకముందే వెళ్ళిపోయాడు.

వాడు వెళ్ళాక నా మీద నాకే చిరాకేసింది. బతుకంతా బడిపిల్లలకి పాఠాలు చెప్పినదాన్ని, ఇంటి పిల్లాడు ఒక ప్రశ్న అడిగితే ఒక్క ముక్కలో తేల్చి పంపేశాను. వాడికి రెండో ప్రశ్న వేసే తీరిక లేదు, నాకు వాణ్ణి కూర్చోబెట్టి చెప్పే ఓపిక లేదు. ఇప్పుడు తీరిగ్గా రాస్తున్నాను. వాడు తెలుగు చదవలేడన్నది వేరే సంగతి. ఎవరో ఒకరు చదువుతారు.

మాది మలాయి దేశంలో సముద్రానికి దగ్గరగా ఉండే కొబ్బరి తోట. లైన్లు అని పిలిచే వరస ఇళ్ళలో మా ఇల్లు చివర నుంచి రెండోది. మా నాన్నని మేము అయ్య అనేవాళ్ళం. ఆయన పేరు తవిటయ్య. కొబ్బరి ఆరబెట్టే బట్టీ దగ్గర ఆయన పని. చిప్పలు ఎగదోసి, మంట మరీ ఎక్కువ కాకుండా, మరీ తగ్గకుండా పగలంతా చూసుకోవాలి. ఆ పొగ ఆయన చొక్కాల్లో, తలగడలో, ఆఖరికి మేము తినే అన్నంలో కూడా ఉండేది. పెళ్ళై వేరే ఊరు వెళ్ళినప్పుడు నాకు మొదట తెలిసింది అన్నానికి ఆ వాసన ఉండదని. అమ్మ పనంతా అయ్యాక గుమ్మం దగ్గర పీట వేసుకుని అడ్డపొగ పెట్టేది. చుట్ట వెలిగిన వైపు నోట్లో పెట్టుకుని, ఆ పొగలోంచే ఊళ్ళో అందరి సంగతులూ చెప్పేది, ఒక్క ముక్క తడబడకుండా. మలాయి ఆడవాళ్ళు చూసి భయపడేవారు. "ఏటీ భయం, కొరివి నా నోట్లో కదా ఉన్నాది," అని అమ్మ నవ్వేది.

తెల్లవారక ముందే ఇనప పట్టా మీద గంట కొడితే అందరూ ఆఫీసు ముందు చేరేవారు. కిరాణి, అంటే తోట గుమాస్తా, చెక్‌రోలు చూసి పేర్లు పిలిచేవాడు. ఆ పుస్తకంలో పేరుంటే పని, పనుంటే బియ్యం, ఇల్లు. పేరు లేకపోతే మనిషి ఎదురుగా నిలబడి ఉన్నా లేనట్టే. మా తోట చిన్న కిరాణి గురునాథం మావాడే. అమ్మకి వరసకి తమ్ముడవుతాడు, నేను మావా అని పిలిచేదాన్ని. ఇంట్లో ఎంత నవ్వుతాలగా ఉండేవాడో, చెక్‌రోలు చేతిలో ఉంటే అంత బిగుసుకుపోయేవాడు.

అన్న నాకంటే ఎనిమిదేళ్ళు పెద్ద. పేరు సింహాచలం. కర్రకి కత్తి కట్టి గెలలు కోసే పని. ఆదివారమైతే బంతి. కొబ్బరి పీచు గుట్టల మీద నడిచి నడిచి వాడి పాదాలు చెక్కలా ఉండేవి. కాలవల మీద అడ్డంగా వేసిన దుంగల మీద పరిగెత్తడం అలవాటు కాబట్టి బురదలో అందరూ జారితే వాడు జారేవాడు కాదు. ఎడమ కాలితో కొడితే బంతి ఎటు పోతుందో కొట్టిన వాడికి తప్ప ఎవరికీ తెలిసేది కాదు. ఇదంతా వాళ్ళూ వీళ్ళూ చెప్పగా విన్నదే. నాకు ఆట మీద పెద్ద ఆసక్తి లేదు. ఇప్పటికీ లేదు. ఇరవై రెండుమంది ఒక తోలు ముద్ద వెనక పడి పరిగెత్తడంలో ఏముందో ఎవరూ నాకు చెప్పలేకపోయారు.

తోటలకీ తోటలకీ మధ్య పందేలు ఉండేవి. ఏ తోట చెక్‌రోల్లో పేరున్నవాడు ఆ తోటకే ఆడాలని నియమం. నియమం ఉంది గనకే దాన్ని దాటడానికి తోవలూ ఉండేవి. పెళ్ళికి గిన్నెలు అరువు తెచ్చుకున్నట్టు తోటలవాళ్ళు ఆటగాళ్ళని అరువు తెచ్చుకునేవారు. ఒక ఆదివారం అన్న మునుస్వామి అయ్యేవాడు, ఇంకో ఆదివారం నారాయణ. అసలు మునుస్వామి గట్టు మీద కూర్చుని తన పేరుతో ఎవడో గోలు కొడితే చప్పట్లు కొట్టేవాడు. చద్దన్నం పెడుతూ అమ్మ అడిగేది, "ఒరే, ఈ ఆదోరం నువ్వెవుడివిరా?" అని. ఇంట్లో అదో వేళాకోళం. ఆడినందుకు ఒక పాల డబ్బానో, కోడో, చొక్కాగుడ్డో ఇచ్చేవారు. బంతి ఆడి బతికే మనుషులు దేశంలో అప్పటికి ఎవరూ లేరు. మా అన్నలాంటి వాళ్ళు ఆ తోవన మొదట నడిచారు, కాకపోతే పరాయి పేర్లతో.

ఒక రోజు నది అవతలి తోట పెద్ద కిరాణి సైకిలు మీద మా ఇంటికి వచ్చాడు. వాళ్ళ దొరకి బంతి పిచ్చి. ఎలాగైనా కప్పు గెలవాలి. అప్పలనాయుడు అనే కూలీ ఓడెక్కి ఇండియా వెళ్ళిపోయాడనీ, ఇక రాడనీ, పేరు మాత్రం చెక్‌రోల్లో అలాగే ఉందనీ చెప్పాడు. కొత్త పేరు రాస్తే కప్పు ఆటలకి ఏడాది ఆగాలి. అందుకని అన్న అప్పలనాయుడుగా వచ్చి చేరాలి. పని పేరుకి స్టోరు కాపలా, అసలు పని బంతి. బూట్లు ఇస్తారు, విడిగా గది ఇస్తారు. ఆయన అరవంలో అరచేతిలో వైకుంఠం చూపించాడు. "ఒకాటకైతే సరే బాబూ. దినదినం నా కొడుకు ఇంకొకడి పేరుకి పలకాలా?" అన్నాడు అయ్య. అమ్మకి కోపం వచ్చింది. "పేరుదేటి, సొక్కా లాంటిది. పనయ్యాక ఇప్పేస్తాడు. గెల నెత్తిన పడి సచ్చిన గుంటల్ని నాను కళ్ళారా సూసినాను. నీకు పేరు కావాలా, కొడుకు కావాలా?" అంది. అన్న మర్నాడే వెళ్ళాడు.

బూట్లు చూడటానికి మా లైనంతా కదిలింది. వాడి పాదాలు ఏ కొలతకీ అందవు. వేళ్ళ దగ్గర బిగువు, మడమ దగ్గర వదులు. పాత కాగితాలు కుక్కుకుని మొదటి ఆటకి దిగి, సగంలో విప్పి గట్టు మీదకి విసిరేశాడట. తర్వాత అలవాటు పడ్డాడు. ఆ తోట కప్పు గెలిచింది, మరుసటి ఏడాది కూడా గెలిచింది. జిల్లా జట్టులోకి తీసుకున్నారు. సిపాయిల జట్టు మీద, పోలీసుల జట్టు మీద ఆడాడు. అరవ పత్రికలో 'అప్పలనాయుడు ఎడమ కాలు' అని రాస్తే గురునాథం మావ పట్టుకొచ్చి చదివి వినిపించాడు. అయ్య వింటూ చిప్పలు ఎగదోస్తూనే ఉన్నాడు. మెచ్చుకుంటున్నది ఎవరో ముక్కూ మొహం తెలియనివాణ్ణి అన్నట్టు ఉంది ఆయన వాలకం.

అంతలో ఎమర్జెన్సీ వచ్చింది. బ్రిటిష్‌వాళ్ళు అడవుల్లో దాక్కున్న కమ్యూనిస్టులతో పోరాడిన ఆ ఏళ్ళని ఇక్కడ అలా అంటాం. మా లైన్ల చుట్టూ ముళ్ళకంచె వేశారు. పొద్దుగూకితే గేటు మూసేవారు. పనికి వెళ్ళేవాళ్ళ క్యారియర్లు విప్పి చూసేవారు, అడవిలోవాళ్ళకి బియ్యం మోస్తున్నారేమో అని. చద్దన్నం మూట కూడా లోపలే తిని వెళ్ళమనేవారు. అందరికీ ఫోటో, బొటనవేలి ముద్ర ఉన్న కార్డులు ఇస్తారని చెప్పారు. కార్డు లేనివాణ్ణి, తప్పు కార్డు ఉన్నవాణ్ణి ఏం చేస్తారో ఎవరూ పైకి అనేవారు కాదు. లారీ ఎక్కించుకుపోతే మళ్ళీ కనపడని మనుషుల కథలు మాత్రం అందరి దగ్గరా ఉండేవి.

కార్డులు రాసేవాళ్ళు ముందు అవతలి తోటకి వెళ్ళారు. పెద్ద కిరాణి చెక్‌రోలు పట్టుకుని వరసగా పేర్లు పిలిచాడు. అప్పలనాయుడు అని పిలిచినప్పుడు మా అన్న వెళ్ళి కుర్చీలో కూర్చున్నాడు. "నా పేరు సింహాచలం" అని చెప్పి ఉంటే, చెక్‌రోల్లో లేని పరాయివాడు తుపాకుల మధ్య ఏం చేస్తున్నాడని అడిగేవారు. నిజం చెప్పాలంటే అన్న అంత దూరం ఆలోచించి ఉండడు. ఇంకో ఆదివారం, ఇంకో పేరు అనుకుని ఉంటాడు. ఫోటో తీశారు, వేలికి సిరా పూసి అద్దారు.

ఆ ఆదివారం నవ్వుకుంటూ ఇంటికి తెచ్చాడు కార్డు. నేను అరవ బడిలో ఆరో తరగతి చదువుతున్నాను, ఇంగ్లీషు అక్షరాలు కూడా కూడబలుక్కుని చదవగలను. అయ్య నన్ను చదవమన్నాడు. పేరు అప్పలనాయుడు. పుట్టింది ఇండియా. తండ్రి పేరు లచ్చన్న. నేను పాఠం అప్పజెప్పినట్టు గడగడా చదివేశాను. లచ్చన్న అన్న చోట అమ్మ నోట్లోంచి చుట్ట తీసేసింది. "ఓరి నా నాయనో! బాబు పేరు కూడా మార్చేసినావేట్రా?" అంది. అన్న నవ్వు ఆగిపోయింది. "ఆలు పుస్తకం సూసి రాసుకున్నారే అమ్మా. నానేటి సేసేది?" అన్నాడు. అయ్య కార్డు తీసుకుని అటూ ఇటూ తిప్పి చూసి, దానికి ఆయన చేతి మసి అంటితే పంచెతో తుడిచి, వెనక్కి ఇచ్చేశాడు. తిట్టి ఉంటే బాగుండేది.

తర్వాత మా తోటకి వచ్చారు కార్డులవాళ్ళు. మా చెక్‌రోల్లో అన్న పేరు ఇంకా ఉంది, కానీ సింహాచలం అని పిలిస్తే పలికేవాడు లేడు. ఒకే వేలు రెండు కార్డుల మీద పడితే ఏమవుతుందో గురునాథం మావకి తెలుసు. ఆయనే మా ఇంటికి వచ్చి, "బావా, పేరు కొట్టేస్తున్నాను. అలాగే ఉంచితే ఆడేడీ అని అడుగుతారు. తప్పదు," అని చెప్పి వెళ్ళి కొట్టేశాడు. అప్పటి నుంచి మా అన్న సింహాచలం అనడానికి లోకంలో ఒక్కటే ఆధారం మిగిలింది. అమ్మ పెట్టెలో పసుపు డబ్బా కింద ఉన్న పుట్టిన చీటీ అది.

అన్న ఇంటికి వచ్చినప్పుడల్లా గేటు దగ్గర కార్డు చూపించాలి. కాపలా జవాను ఆటగాడని గుర్తుపట్టి సలాం కొట్టి, తర్వాత పుస్తకం తెరిచేవాడు. ఎవర్ని చూడటానికి వచ్చావు, ఏమవుతారు? తండ్రి అనడానికి లేదు, కార్డులో తండ్రి లచ్చన్న. "తెలిసినోళ్ళు," అనేవాడు అన్న. కంచెకి ఇవతల నిలబడి ఎదురు చూస్తున్న అమ్మకి ఆ మాట వినపడేది. మొదటిసారి విన్న రోజున ఇంటికి వచ్చి అన్నం కంచం వాడి ముందు పెట్టి, "తిను నాయనా, తెలిసినోళ్ళ ఇంట్లో మొగమాటపడకు," అంది. అని తనే ఏడ్చింది. పేరు చొక్కా అన్నది తనే కదా. అడుసు తొక్కనేల, కాలు కడగనేల అని గురునాథం మావ మెల్లగా అన్నాడు. అడుసులోకి తోసింది నేనే అని అమ్మ నోట్లోని చుట్టని నేలకేసి నలిపేసింది.

ఇవన్నీ మనసులో పెట్టుకుని ఆటలు ఆగవు. అన్న ఇంకో అయిదారేళ్ళు ఆడాడు. అవతలి తోట అమ్మాయినే పెళ్ళి చేసుకున్నాడు. పెళ్ళి పీటల మీద సింహాచలం, రిజిస్టరులో అప్పలనాయుడు. కొడుకు పుట్టాడు. దినేష్ తండ్రి అతనే. వాడి పుట్టిన చీటీలో తండ్రి అప్పలనాయుడు, తాత ఊసే లేదు. అయ్య మనవణ్ణి ఒళ్ళో పెట్టుకుని చాలాసేపు చూసి, "ఈడి ముక్కు నాదే. దాన్ని ఏ కిరాణీ మార్చనేడు," అన్నాడు. అందరం నవ్వాం. ఈమధ్య మా వీధి పిల్లల్ని చూస్తుంటాను. వీపు మీద ఎక్కడెక్కడి దేశాల ఆటగాళ్ళ పేర్లు వేసిన చొక్కాలు కొనుక్కుని తిరుగుతారు. పరాయివాడి పేరు మోయడం వాళ్ళకి గొప్ప. వాళ్ళని చూసి కోపం రాదు నాకు. సాయంత్రం విప్పి ఉతకడానికి పడేస్తారు, అంతటితో సరి. ఇప్పటి ఆటగాళ్ళకైతే కాగితాలు చూసుకోవడానికి కూడా మనుషులున్నారట. మా అన్నకి ఆఖరి ఆటలో మోకాలు చిట్లినప్పుడు కట్టు కట్టింది వదిన, వేపాకు నూరి వేసింది అమ్మ. మర్నాటి నుంచి అవతలి తోట దొర పేరు కూడా అడగలేదు. కాపలా పని మాత్రం ఉంచారు. అదే పదివేలనుకున్నాం.

మెర్దేకా, అంటే స్వాతంత్ర్యం, వచ్చింది. తోటలో జెండా ఎగరేశారు, లైనుకో మూట జిలేబీ పంచారు, రేడియోలో చెప్పింది సగం అర్థమయ్యీ కాకా అందరం చప్పట్లు కొట్టాం. ఆ చప్పట్ల వెనక భయం ఒకటుంది. ఇక ఇక్కడి పౌరులు ఎవరు, కానివాళ్ళు ఎవరు? కానివాళ్ళని ఓడెక్కిస్తారని గాలి కబుర్లు. పట్టణంలో కాగితాలు రాయించుకునే ఆఫీసు దగ్గర వరసలు మొదలయ్యాయి. నేను అప్పటికి బడిలో చిన్న తరగతులకి చెబుతున్నాను. మా లైన్లో అందరి ఫారాలూ నేనే నింపాను. అయ్యవీ, అమ్మవీ, నావీ వచ్చేశాయి. అన్నది మిగిలింది. అప్పటికి అయ్య బట్టీ పని మానేసి మంచాన పడ్డాడు. అన్నేళ్ళు పీల్చిన పొగ రొమ్ములో గూడు కట్టేసింది. ఒక మధ్యాహ్నం దగ్గి దగ్గి, ఊపిరి తిప్పుకుని నాతో అన్నాడు. "అమ్మీ, నాకు ఆస్తి నేదు. ఊళ్ళో సెంటు భూమి నేదు. ఆడు నా కొడుకని ఒక్క కాయితం మీద ఉంటే సాలు. నాను పోయేలోగా అది నా కంటికి సూపించు."

ఆయన ఎన్నడూ ఎవరినీ ఏదీ అడిగి ఎరగడు. నాకు ఏడుపూ కోపమూ ఒకేసారి వచ్చాయి. అమ్మ పెట్టెలోంచి పుట్టిన చీటీ తీసుకుని నేనే నది దాటి అన్న దగ్గరికి వెళ్ళాను. ఇక్కడ పుట్టినట్టు చీటీ ఉంది, నిజం చెప్పి అసలు పేరు రాయించుకుందాం పద అన్నాను. తప్పు కార్డుకి జైలు వేస్తే? అంది వదిన. ఎమర్జెన్సీ పూర్తిగా ఎత్తెయ్యలేదు మరి. అన్న ఏమీ తేల్చలేదు. "సూద్దాం పద సెల్లీ," అని ఉతికిన చొక్కా వేసుకుని నాతో బస్సెక్కాడు.

ఆఫీసులో మలాయి ఉద్యోగి ఒకాయన తల వంచుకుని రాసుకుంటున్నాడు. అన్న కార్డు తీసి బల్ల మీద పెట్టగానే తలెత్తి చూసి, లేచి నిలబడి చెయ్యి చాచాడు. పోలీసుల జట్టుకి గోలు కాసినవాడట. "అప్పలనాయుడు! మూడు గోల్స్ కొట్టావు నా మీద. మా అబ్బాయికి నీ కథే చెబుతాను," అని మలాయిలో అంటూ వెనక బల్లలవాళ్ళని కూడా పిలిచాడు. వాళ్ళూ వచ్చి అన్న భుజం తట్టారు. ఆ గదిలో ఉన్నవాళ్ళందరూ ఇతను అప్పలనాయుడే అని ఒట్టు వేసి చెప్పగలరు. సింహాచలం అని చెప్పగలిగినదాన్ని నేనొక్కదాన్నే. అయినా చీటీ తీసి బల్ల మీద పెట్టి, "ఈయన అప్పలనాయుడు కాదు సార్. మా అన్న. పేరు సింహాచలం. మా అయ్య పేరు తవిటయ్య," అన్నాను.

ఆయన నవ్వు కాసేపు అలాగే ఉండి తర్వాత పోయింది. చీటీ చూశాడు, కార్డు చూశాడు. వెనకవాళ్ళు తమ తమ బల్లల దగ్గరికి వెళ్ళేదాకా ఆగి గొంతు తగ్గించాడు. "చెల్లెమ్మా, ఈ కాగితం నేను చూస్తే పక్కగదిలో ఉన్న పెద్దాయనకి చెప్పాలి. ఆయన పోలీసులకి చెప్పాలి. ఇంకా చూడలేదు నేను. మీ అన్నని అడుగు," అన్నాడు.

అప్పుడు అన్న జేబులోంచి ఇంకో కాగితం తీసి నా చీటీ పక్కన పెట్టాడు. కొడుకు పుట్టిన చీటీ. అది తెచ్చినట్టు నాకు దారిలో చెప్పలేదు. "సెల్లీ, జైలుకెళ్ళడానికి నాకేం బయం నేదు. నాను సింహాచలం అయిపోతే ఈడెవుడి కొడుకు? అయ్యకి కాయితం మీద నాను నేకపోయినా నువ్వున్నావు. ఈడికి నానొక్కణ్ణే," అన్నాడు. అని మా చీటీని నా వైపు తోసేశాడు. ఆ గదిలో మా ఇద్దరికీ తప్ప ఎవరికీ తెలుగు రాదు. ఆ ఉద్యోగి అడిగాడు, పేరు? "అప్పలనాయుడు." తండ్రి? "లచ్చన్న," అన్నాడు. ఈ అమ్మాయి? "తెలిసినోళ్ళమ్మాయి."

బస్సులో నేను వాడితో మాట్లాడలేదు. వాడు చెప్పినదాంట్లో తప్పేమీ లేదని అప్పుడే నాకు తెలుసు, తెలిసినందుకే ఇంకా మండిపోయాను. ఇంట్లో అయ్యకి, కాగితం రావడానికి కొన్ని వారాలు పడుతుందన్నాను. అదొక్కటి నిజమే.

కాగితం వచ్చిన రోజున అన్న దాన్ని పట్టుకుని తిన్నగా ఇంటికి వచ్చాడు. దాచేస్తాడనుకున్నాను. వాడు దాచలేదు. అయ్య అమ్మ చేత ఉతికిన చొక్కా తొడిగించుకుని, తలగడలు ఆనించుకుని లేచి కూర్చున్నాడు. చొక్కాకి గుండీలన్నీ పెట్టుకున్నాడు, మెడ దగ్గరది కూడా. కాగితం నా చేతికిచ్చి, "సదువమ్మీ," అన్నాడు. ఉన్నదున్నట్టు చదివేద్దామనే నోరు తెరిచాను. అన్న మీద కోపం అలాగే ఉంది నాకు. అయ్య మెడ దగ్గరి గుండీ చూశాను. చదివాను. "పేరు సింహాచలం. తండ్రి పేరు తవిటయ్య." నేల చూస్తున్న అన్న తల ఇంకా వంగిపోయింది. అమ్మ చుట్ట ఆరిపోయినా నోట్లోనే పెట్టుకుని నా మొహమే చూస్తోంది. అమ్మకి అక్షరం రాదు, కానీ నా మొహం వచ్చు.

అంతటితో అయిపోతే బాగుండేది. ఆఫీసు నుంచి గురునాథం మావ సైకిలు మీద వస్తున్నాడు. అయ్య చెయ్యెత్తి పిలిచాడు. "రారా గురునాతం, నువ్వూ సదువు. నా కొడుకు కాయితం." పక్కింటి వాళ్ళూ ఎదురింటి వాళ్ళూ అప్పటికే గుమ్మంలో చేరారు. మావ చెప్పులు విప్పి లోపలికి వచ్చి, కళ్ళద్దాలు తీసి తుడుచుకుని పెట్టుకున్నాడు. ఉద్యోగంలో ఆయన ఒక్క పేరు తప్పు పిలిచి ఎరగడు. కాగితాన్ని పై నుంచి కింది దాకా చూశాడు. నా వైపు చూడలేదు, అన్న వైపు చూడలేదు. పొద్దున్న ఆఫీసు ముందు నిలబడి పిలిచే గొంతుతో, లైనంతా వినేటట్టు, "సింహాచలం. తండ్రి తవిటయ్య," అని చదివాడు. కాగితం మడిచి అయ్య చేతిలో పెట్టి, సైకిలు నడిపించుకుంటూ వెళ్ళిపోయాడు.

అందరూ వెళ్ళాక నేను అయ్య చొక్కా గుండీలు విప్పుతున్నాను. ఆయన కాగితాన్ని రెండు చేతులతో గుండెకి ఆనించుకుని ఉన్నాడు.

"గురునాతం నీకంటే బాగా సదివినాడే," అన్నాడు. "నువ్వు సదివినప్పుడు గొంతు వణికింది. ఆడిది వణకనేదు. ఆడు సదివిందే ఖాయం."

సరే అయ్యా అన్నాను.